మైబోలె గిన్నెలో ఏది ఎంత పాతది? జర్మనీ వసంతపు వైన్ వెనకున్న కథ

ఈ ఎపిసోడ్ ఒక వాయిస్ మెసేజ్‌తో మొదలైంది. జర్మనీలో ఎం.ఎస్. చదువుతున్న ఒక తమ్ముడు, మన ఎపిసోడ్లు వదలకుండా చూసేవాడు, ఏప్రిల్ నెలలో పంపించాడు. "అన్నా, ఇక్కడ సూపర్‌మార్కెట్లో పచ్చరంగు జెల్లీ ఒకటి దొరుకుతోంది. పేరు వాల్డ్‌మైస్టర్. ఇదేం పండురా అని నా జర్మన్ రూమ్మేట్‌ని అడిగితే, పండు కాదు, అడవిలో పెరిగే ఆకు అన్నాడు. ఆ ఆకు ఎలా ఉంటుందో చూపించమంటే వాడికీ తెలీదు. మే నెల వస్తే ఆ ఆకు వేసి వైన్ కలుపుతారంట. వెయ్యేళ్ళ నాటి ఆచారం అంట. నిజమేనా అన్నా?"

సగం నిజం. ఏ సగం నిజమో, ఏ సగం కాదో చూడటమే ఇవాళ్టి పని.

ముందే ఒక మాట. ఇది మందు తాగమని చెప్పే ఎపిసోడ్ కాదు. మన రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ 21 నిండాలి. తాగని వాళ్ళు కూడా చివరిదాకా వినొచ్చు, ఎందుకంటే ఈ కథలో వైన్ కన్నా ఆకే హీరో. ఆ ఆకు కథలో మన కోస్తా ఊరు ఒకటి కూడా వస్తుంది.

ఆ పానీయం పేరు మైబోలె. మై అంటే మే నెల. బోలె అంటే ఏంటో కాసేపట్లో చెప్తా. చూడటానికి చాలా సింపుల్. ఒక పెద్ద గాజు గిన్నె, అందులో చల్లటి తెల్ల వైన్, పైన నురుగొచ్చే వైన్, కొంచెం చక్కెర, నిమ్మ చక్రాలు, స్ట్రాబెర్రీ ముక్కలు. వీటన్నిటికన్నా ముందు ఒక చిన్న ఆకుకట్ట. ఏప్రిల్ 30 రాత్రి జర్మనీలో డ్యాన్సులు చేస్తూ మే నెలలోకి అడుగుపెడతారు, చాలా ఊళ్ళలో మే స్తంభం నిలబెడతారు. ఆ రోజుల్లో పంచుకునే పానీయం ఇది. చలి పోయింది, చెట్లు చిగురించాయి, ఇక బయట కూర్చోవచ్చు అన్న సంతోషం. ఆరు నెలలు బూడిదరంగు ఆకాశం చూసినవాళ్ళకే ఆ సంతోషం అర్థమవుతుంది. మనకు మే నెల అంటే వడగాడ్పులు కాబట్టి కొంచెం ఊహించుకోవాలి.

ఆ ఆకే వాల్డ్‌మైస్టర్. వాల్డ్ అంటే అడవి, మైస్టర్ అంటే నిపుణుడు, యజమాని. మన మాటలో "అడవి దొర" అనుకోండి. పేరు దొరే కానీ మొక్క జానెడే. బీచ్ చెట్ల అడవుల్లో, సముద్రం బీచ్ కాదండోయ్, అది ఒక చెట్టు పేరు, ఆ చెట్ల నీడలో నేలంతా పరుచుకుని పెరుగుతుంది. కాడ చుట్టూ ఆరు నుంచి ఎనిమిది సన్నటి ఆకులు గొడుగు ఊచల్లా వరుసగా వస్తాయి. కొంచెం పైన మళ్ళీ ఒక గొడుగు, ఇంకొంచెం పైన మళ్ళీ ఒకటి. ఏప్రిల్ చివర, మే నెలలో నాలుగు రేకుల చిన్న చిన్న తెల్లపూలు పూస్తాయి. ఆ అడవుల్లో ఈ మొక్క ఎంత సాధారణం అంటే, వృక్షశాస్త్రంలో ఒక రకం అడవికి పేరే "వాల్డ్‌మైస్టర్ బీచ్ అడవి" అని పెట్టారు.

ఇక్కడ ఒక తమాషా ఉంది. అడవిలో ఈ మొక్క దగ్గర కూర్చుని పచ్చి ఆకు వాసన చూస్తే మామూలు గడ్డిలాగే ఉంటుంది. ప్రత్యేకంగా ఏమీ ఉండదు. కోసి తెచ్చి ఒక రాత్రి వాడనివ్వండి. అప్పుడు మొదలవుతుంది అసలు వాసన. కోసి ఆరబెట్టిన పచ్చగడ్డి, కొంచెం వనిల్లా, కొంచెం బాదం, ఇవన్నీ కలిసినట్టు. కారణం ఏంటంటే, పచ్చి ఆకులో వాసన పదార్థం చక్కెరతో ముడిపడి ఉంటుంది. ఆకు వాడి కణాలు చితికినప్పుడు ఆ ముడి విడిపోతుంది. బయటికి వచ్చే ఆ పదార్థం పేరు కూమరిన్. ఈ పేరు గుర్తుపెట్టుకోండి, కథ మొత్తం దీని చుట్టూనే తిరుగుతుంది. అన్నట్టు, ఎండిన గడ్డివామి దగ్గర వచ్చే తీపి వాసనలో కూడా ఉండేది ఇదే.

ఇప్పుడు "వెయ్యేళ్ళు" దగ్గరికి వద్దాం.

జర్మనీ పశ్చిమాన ఐఫెల్ కొండల్లో ప్రూమ్ అనే ఊరుంది. తొమ్మిదో శతాబ్దంలో అక్కడ ఒక పెద్ద క్రైస్తవ మఠం ఉండేది. ఎంత పెద్దదంటే, ఫ్రాంకుల చక్రవర్తి మొదటి లోథార్ సింహాసనం వదిలి సన్యాసిగా చేరడానికి ఆ మఠాన్నే ఎంచుకున్నాడు, 855లో అక్కడే చనిపోయాడు. ఆ మఠంలో వాండల్‌బర్ట్ అనే కవి ఉండేవాడు. లాటిన్‌లో రాసేవాడు. పన్నెండు నెలల మీద కూడా ఒక కవిత రాశాడు. 854లో ఈయనే మొదటిసారి ఈ ఆకు వేసిన మే వైన్ గురించి చెప్పాడని జర్మన్లు చెప్పుకుంటారు. మైబోలె రెసిపీ ఎక్కడ కనిపించినా ముందు ఈ కథ ఉంటుంది.

ఇది ప్రచారంలో ఉన్న మాట అని చెప్తున్నాను, అంతకు మించి కాదు. కానీ వాదన కోసం ఒప్పేసుకుందాం. ఆయన గ్లాసులో ఏముండి ఉండాలి? వైన్, ఆకు. బస్, అంతే. ఆ కాలంలో మఠాల్లో మూలికల్ని వైన్లో నానబెట్టడం అనేది వైద్యం. పార్టీ కాదు. మన కషాయం లాంటిది అనుకోండి, నీళ్ళ బదులు వైన్. మరి ఇవాళ గిన్నెలో ఉన్న మిగతావన్నీ ఎక్కణ్ణించి వచ్చాయి?

ఒక్కొక్కటీ చూద్దాం. ముందు గిన్నె.

బోలె అన్న మాట జర్మన్ మాట కాదు. ఇంగ్లీషు "బౌల్" నుంచి తీసుకున్నది, అది కూడా 18వ శతాబ్దంలో. ఇంగ్లీషువాళ్ళ బౌల్‌లో ఏముండేది? పంచ్. పంచ్ ఎక్కణ్ణించి వచ్చింది? మన దగ్గర్నించి.

ఈస్టిండియా కంపెనీ వాళ్ళు ఓడల మీద తెచ్చుకున్న బీరు, వైన్ ఈ వేడికి నిలిచేవి కావు. దాంతో ఇక్కడ దొరికే సారా, నిమ్మకాయ, చక్కెర, నీళ్ళు, సుగంధ ద్రవ్యాలు, ఈ ఐదూ కలుపుకుని తాగడం అలవాటు చేసుకున్నారు. ఐదు కాబట్టి పంచ్ అని చాలామంది చెప్తారు. 1670లలో ఇండియాలో తిరిగిన జాన్ ఫ్రయర్ అనే ఇంగ్లీషు డాక్టర్ కూడా అదే రాశాడు. కాదు, పంచన్ అనే పీపా పేరు నుంచి వచ్చిందనే వాళ్ళూ ఉన్నారు. నాకైతే పంచామృతం తాగి పెరిగిన చెవికి మొదటిదే బాగా వినిపిస్తుంది. కానీ నా చెవి సాక్ష్యం కాదు కదా.

సాక్ష్యం ఉన్న మాట ఒకటి చెప్తా. "పంచ్" అనే మాట ఇంగ్లీషులో రాతపూర్వకంగా మొదట కనిపించేది 1632 నాటి ఒక ఉత్తరంలో. కంపెనీ మనిషి రాబర్ట్ ఆడమ్స్ రాసింది. మీరంతా కలిసిమెలిసి ఉండండి అని చెప్తూ, పంచ్ ప్రస్తావన తెచ్చాడు. ఆ ఉత్తరం ఎవరికి? థామస్ కోలీ అనే వ్యాపారికి. ఆ కోలీ ఎక్కడున్నాడు? పేటపోలిలో. మ్యాపులో వెతకొద్దు, ఆ పేరు ఇప్పుడు లేదు. అది మన నిజాంపట్నం. బాపట్ల జిల్లా. ఇంగ్లీషువాళ్ళు 1611లో గ్లోబ్ అనే ఓడలో వచ్చి మచిలీపట్నంతో పాటు అక్కడ కూడా దిగారు.

వినండి, ఇంకా ఉంది. వాళ్ళు పేటపోలికి ఎందుకు వచ్చారు? బట్టల కోసం. ఆ బట్టల ఎరుపు రంగు కోసం. ఆ ఎరుపు చిరువేరు అనే చిన్న మొక్క వేర్ల నుంచి వచ్చేది. ఇసుక నేలల్లో పెరుగుతుంది, వేరు తవ్వి, ఎండబెట్టి, దంచి రంగు తీసేవాళ్ళు. ఇప్పుడు వృక్షశాస్త్రం ఏం చెప్తుందంటే, చిరువేరు, కాఫీ, మన వాల్డ్‌మైస్టర్ మూడూ ఒకే కుటుంబం. రూబియేసీ అంటారు. అంటే జర్మనీ అడవిలో దొరగారు, మన సముద్రపు ఒడ్డున ఎర్రవేరు, దూరపు చుట్టాలు. ఈ చుట్టరికం కాసేపటికి ఇంకోసారి పనికొస్తుంది.

సరే, గిన్నె అయింది. ఒక తేడా మాత్రం గమనించండి. జర్మన్లు పంచ్‌ని "పున్ష్" అని తీసుకుని వేడివేడిగా చలికాలంలో తాగే దానికి ఆ పేరు ఉంచుకున్నారు. చల్లటి వైన్‌తో పండ్లు కలిపి చేసేదాన్ని బోలె అన్నారు. గిన్నె పేరే పానీయం పేరు అయిపోయింది. మనం "ఒక ప్లేట్ చెప్పు" అంటే ఇడ్లీ అని అర్థమైనట్టు.

తర్వాత చక్కెర. తొమ్మిదో శతాబ్దపు ప్రూమ్‌లో తీపి అంటే తేనె. చక్కెర మామూలు ఇంటికి చేరడానికి జర్మనీలో బీట్‌దుంప రావాలి. బెర్లిన్‌లో మార్గ్రాఫ్ అనే రసాయన శాస్త్రవేత్త 1747లో బీట్‌దుంపలో ఉన్నదీ చెరకులో ఉన్నదీ ఒకే చక్కెర అని చూపించాడు. ఆయన శిష్యుడు ఆచర్డ్ 1801లో సైలీషియాలో ఫ్యాక్టరీ పెట్టాడు. అప్పట్నించి నెమ్మదిగా చక్కెర దిగివచ్చింది.

స్ట్రాబెర్రీ. ఇప్పుడు మనం చూసే పెద్ద స్ట్రాబెర్రీ అసలు ప్రకృతిలో లేదు. అడవి స్ట్రాబెర్రీ వేలిగోరంత ఉంటుంది. 1714లో ఫ్రెజియర్ అనే ఫ్రెంచి సైనిక ఇంజనీర్ చిలీ దేశం నుంచి పెద్దకాయ మొక్కలు తెచ్చాడు. గూఢచారి పని మీద వెళ్ళి మొక్కలు పట్టుకొచ్చాడు మహానుభావుడు. అవి ఉత్తర అమెరికా నుంచి వచ్చిన ఇంకో రకంతో కలిసి, 18వ శతాబ్దంలో యూరప్ తోటల్లో పుట్టిందే మన స్ట్రాబెర్రీ. వాండల్‌బర్ట్ దాన్ని కల్లో కూడా చూసి ఉండడు.

ఇక పైన పోసే నురుగు వైన్. జర్మనీలో దాన్ని జెక్ట్ అంటారు. ఇప్పటికీ నడుస్తున్న వాటిలో అక్కడి అత్యంత పాత జెక్ట్ కంపెనీ కెస్లర్, 1826లో ఎస్లింగెన్‌లో మొదలైంది. పెట్టినాయన అంతకుముందు ఫ్రాన్స్‌లో వేవ్ క్లికో షాంపేన్ కంపెనీలో పని నేర్చుకుని వచ్చాడు.

లెక్క వేయండి. ఆకు, వైన్ పాతవి. గిన్నె పేరు 18వ శతాబ్దం. పండు 18వ శతాబ్దం. చక్కెర, నురుగు 19వ శతాబ్దం. అంటే ఇవాళ్టి మైబోలె రూపానికి ఇన్నూరేళ్ళు కూడా ఉండవు. తమ్ముడికి నేను పంపిన జవాబు ఇదే: "ఆకు వెయ్యేళ్ళ నాటిది కావచ్చు, పార్టీ మాత్రం రైల్వే కాలం నాటిది."

ఆ పార్టీ ఎలా వచ్చిందో కొంచెం చెప్పాలి. 19వ శతాబ్దంలో జర్మన్ మధ్యతరగతికి అడవి అంటే పిచ్చి పట్టింది. కట్టెల కోసం వెళ్ళే చోటు కాస్తా షికారు వెళ్ళే చోటు అయింది. నడకలు, పాటలు, రైన్ నది, ద్రాక్షతోటలు. 1851లో ఓటో రోకెట్ అనే కవి అడవి దొరగారి పెళ్ళి మీద ఏకంగా ఒక పద్యకథ రాశాడు. వాల్డ్‌మైస్టర్ పెళ్ళికొడుకు, ద్రాక్షపువ్వు పెళ్ళికూతురు. వైన్లో ఆకు కలవడమే పెళ్ళి అన్నమాట. ఆ పుస్తకం ముద్రణ మీద ముద్రణ పడింది. 1895లో వియన్నాలో రెండో యోహాన్ స్ట్రాస్, ఆ వాల్ట్జ్‌ల స్ట్రాసే, "వాల్డ్‌మైస్టర్" పేరుతో ఒక ఆపరెట్టా చేశాడు. మఠంలో కషాయంగా ఉన్నది డ్రాయింగ్ రూమ్‌లోకి వచ్చి కూర్చుంది. మూత, గరిటె, చిన్న చిన్న కప్పులతో బోలె సెట్లు ఇంటి అల్మారాల్లోకి వచ్చాయి. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత, 1950లు, 60లలో పశ్చిమ జర్మనీలో ఇంటి కింద సెల్లార్‌ని పార్టీ రూమ్‌గా మార్చుకోవడం ఒక ఫ్యాషన్. ఆ పార్టీలకు బోలె తప్పనిసరి. అందుకే ఇప్పటి కుర్రాళ్ళకి బోలె అంటే "అమ్మమ్మ కాలం సరుకు". బెల్జియంలో ఆర్లోన్ అనే ఊరు మాత్రం ఈ ఆకు వైన్‌ని "మైట్రాంక్" పేరుతో తన సొంతం చేసుకుంది, ప్రతి మే నెలలో దానికి జాతర చేస్తుంది.

ఇంతవరకు సరదా. ఇప్పుడు కూమరిన్ దగ్గరికి రావాలి.

1820లో మ్యూనిక్‌లో ఫోగెల్ అనే శాస్త్రవేత్త టోంకా గింజల నుంచి తెల్లటి స్ఫటికాలు వేరు చేశాడు. టోంకా దక్షిణ అమెరికా చెట్టు, అక్కడివాళ్ళు దాన్ని కుమరు అంటారు, కూమరిన్ పేరు అందులోంచే వచ్చింది. తర్వాత 1868లో లండన్‌లో విలియం పెర్కిన్ దాన్ని ల్యాబ్‌లో తయారుచేశాడు. ఈ పెర్కిన్ ఎవరంటే, 18 ఏళ్ళ వయసులో మలేరియా మందు చేయబోయి పొరపాటున ఊదా రంగు కనిపెట్టిన కుర్రాడు. అదే మొదటి కృత్రిమ రంగుగా పేరుపడింది. 1882లో హూబిగాంట్ కంపెనీ కృత్రిమ కూమరిన్ వేసి ఫుజేర్ రాయల్ అనే సెంటు తెచ్చింది. దాంతో గడ్డి వాసనకు గడ్డి అక్కర్లేకుండా పోయింది.

చుట్టరికం గుర్తుందా? పెర్కిన్ కూమరిన్ చేసిన అదే 1868లో, బెర్లిన్‌లో గ్రేబె, లీబర్‌మన్ అనే ఇద్దరు అలిజరిన్‌ని ల్యాబ్‌లో తయారుచేశారు. అలిజరిన్ అంటే చిరువేరులో ఎరుపు ఇచ్చే పదార్థమే. మరుసటి ఏడు జూన్‌లో దాని పేటెంట్ కోసం లండన్‌లో జర్మన్ కంపెనీ బీఏఎస్ఎఫ్ ఒకరోజు ముందు, పెర్కిన్ ఒకరోజు వెనక దరఖాస్తు పెట్టారు. ఒకే ఏడాదిలో జర్మన్ అడవి ఆకు వాసనా, మన తీరపు వేరు రంగూ రెండూ సీసాల్లోకి వెళ్ళిపోయాయి. అక్కడ ఆకు పోతే ఒక సరదా పోయింది. ఇక్కడ వేరు పోతే, దాన్ని తవ్వి బతికేవాళ్ళ పని పోయింది. రెండూ ఒకటే నష్టం అని నేను చెప్పను.

సరే, కూమరిన్ తింటే ఏమవుతుంది? జంతువుల మీద పరీక్షల్లో ఎక్కువ మోతాదు కాలేయాన్ని దెబ్బతీస్తుందని తేలింది. 1954లో అమెరికా దాన్ని ఆహారంలో కలపడం నిషేధించింది. జర్మనీ 1970లలో పిల్లల స్వీట్లు, కూల్‌డ్రింకుల్లోంచి ఆకుని తీసేయించింది. 1988లో యూరప్ మొత్తానికి ఒక రూల్ వచ్చింది: మామూలు ఆహారంలో కిలోకు 2 మిల్లీగ్రాములు, మద్యంలో 10 మిల్లీగ్రాములు దాటకూడదని అప్పట్లో ఉండేది.

ఇప్పుడు తమ్ముడి రూమ్మేట్ ఆకుని ఎందుకు గుర్తుపట్టలేదో అర్థమైందా? స్వీట్లలోంచి ఆకు పోయింది. పేరు, పచ్చరంగు, ఆ వాసనని పోలిన ఫ్లేవర్ మిగిలాయి. జెల్లీలో వాల్డ్‌మైస్టర్, ఐస్‌క్రీమ్‌లో వాల్డ్‌మైస్టర్, బెర్లిన్‌లో పుల్లటి బీరులో కలిపే పచ్చ సిరప్ వాల్డ్‌మైస్టర్. జర్మన్ పిల్లలకు అది ఒక రంగు పేరులాంటిది. నిజానికి అసలు ఆకు వేసిన వైన్ పచ్చగా ఉండదు. తెల్ల వైన్ రంగులోనే ఉంటుంది.

కానీ చట్టం ఎవరి ఇంటి గిన్నెలోకీ తొంగి చూడదు. ఇంట్లో చేసుకునే మైబోలెలో ఆకు ఇప్పటికీ వేస్తారు. అందుకే కొలత ముఖ్యం. లీటరుకు మూడు గ్రాముల పచ్చి ఆకు. ఆ పరిమితుల్లో ఉండేలాగే ఈ కొలత చెప్తారు. మూడు గ్రాములంటే ఎంత? నాలుగైదు రెమ్మలు, అంతే. కంటి అంచనా నమ్మొద్దు, వంటింటి తూకం వాడాలి.

చేసే పద్ధతి చెప్తాను, చూడండి ప్రతి స్టెప్‌లో ఈ జాగ్రత్త ఎలా ఉందో. ఆకు పూత రాకముందే కోయాలి, పూశాక కూమరిన్ పెరుగుతుంది. కోసింది ఒక రాత్రి వాడనివ్వాలి. తొందరైతే కాసేపు ఫ్రీజర్‌లో పెట్టినా కణాలు పగిలి అదే పని జరుగుతుంది. కాడల్ని దారంతో కట్టి, తలకిందులుగా వైన్‌లోకి వేలాడదీయాలి. ఆకులు మునగాలి, కోసిన కాడల చివర్లు మాత్రం పైనే ఉండాలి, లేకపోతే చేదు దిగుతుంది. రెండు సీసాల తెల్ల వైన్, మోసెల్ నది ఒడ్డున దొరికే రీస్లింగ్ లాంటిదైతే మేలు. అరగంట చాలు. "ఇంకొంచెం ఉంచితే ఇంకా బాగుంటుంది కదా" అనిపిస్తుంది, ఉంచకండి. తలనొప్పి వస్తుందని జర్మన్ అమ్మమ్మలు ఎప్పట్నించో చెప్తూనే ఉన్నారు. ఆకు తీసేశాక చక్కెర, నిమ్మ చక్రాలు, స్ట్రాబెర్రీ. ఈలోపు గిన్నెని ఇంకో పెద్ద ఐస్ గిన్నెలో కూర్చోబెట్టాలి. ఐస్ ముక్కలు లోపల వేస్తే వైన్ నీళ్ళయిపోతుంది. అందరూ వచ్చాక, చివర్లో, చల్లటి జెక్ట్ ఒక సీసా పోయాలి. మొత్తం రెండుంపావు లీటర్లు, ఆకు ఏడు గ్రాములు దాటకూడదు. పండు వేస్తే ఆకు వాసన మునిగిపోతుందని, అసలు పండే వద్దనే వాళ్ళు ఉన్నారు. నాకు వాళ్ళ మాటే నచ్చింది. పిల్లలకైతే వైన్ బదులు ఆపిల్ జ్యూస్‌లో చేస్తారు, ఆకు ఇంకా తగ్గించి.

కూమరిన్ కథకు ఇంకో తోక ఉంది, అది చెప్పకుండా వదల్లేను. 1920లలో ఉత్తర అమెరికాలో ఆవులు చిన్న దెబ్బకే రక్తం ఆగక చచ్చిపోయేవి. స్వీట్ క్లోవర్ అనే గడ్డి మేత తడిసి బూజు పట్టినప్పుడే ఇలా జరిగేది. ఆ గడ్డిలోనూ కూమరిన్ ఉంది. కూమరిన్ నేరుగా రక్తాన్ని పల్చబరచదు, కానీ బూజు దాన్ని వేరే పదార్థంగా మార్చేస్తుంది. విస్కాన్సిన్‌లో కార్ల్ పాల్ లింక్ బృందం ఏళ్ళ తరబడి కష్టపడి ఆ పదార్థాన్ని పట్టుకుంది. అందులోంచి పుట్టిందే వార్ఫరిన్. 1948లో ఎలుకల మందుగా వచ్చింది, 1954లో మనుషులకు మందు అయింది. మరుసటి ఏడాదే గుండెపోటు వచ్చిన అమెరికా అధ్యక్షుడు ఐసెన్‌హోవర్‌కి అదే ఇచ్చారు. మన ఇళ్ళలో గుండె కవాటం ఆపరేషన్ అయినవాళ్ళు రోజూ వేసుకునే రక్తం పల్చబడే మాత్ర పేరు చూడండి, చాలామందికి అసినోకూమరాల్ అని ఉంటుంది. పేరు మధ్యలో ఆ టోంకా చెట్టు దాక్కుని ఉంది.

కాబట్టి ఈ ఆకు బూజు పడితే పారేయాల్సిందే. రక్తం పల్చబడే మాత్రలు వేసుకునేవాళ్ళు, కాలేయం సమస్య ఉన్నవాళ్ళు దీని జోలికి పోవద్దు.

"జర్మనీ ఆకుతో మనకేంటి" అనుకుంటున్నారేమో. బిర్యానీలో వేసే దాల్చినచెక్క తీసి చూడండి. మన బజార్లో దొరికేది ఎక్కువగా కాసియా, మందంగా, గట్టిగా ఉండే రకం. అందులో కూమరిన్ బాగానే ఉంటుంది. శ్రీలంక దాల్చిన, కాగితంలా పలచగా చుట్టలు చుట్టుకునేది, అందులో చాలా తక్కువ. 2006లో క్రిస్మస్ దాల్చిన బిస్కెట్ల మీద జర్మనీలో పెద్ద గొడవే అయింది. ఒంటి బరువు కిలోకు రోజుకు 0.1 మిల్లీగ్రాము వరకు పర్లేదని అక్కడి ప్రభుత్వ సంస్థ చెప్తుంది. 60 కిలోల మనిషికి 6 మిల్లీగ్రాములు. బిర్యానీలో ఒక ముక్క వేస్తే కంగారు పడక్కర్లేదు. బరువు తగ్గుతామని పొద్దున్నే చెంచాడు దాల్చిన పొడి మింగే వీడియోలు చూసి మొదలుపెట్టేవాళ్ళు మాత్రం ఈ లెక్క ఒకసారి చూసుకోండి.

చివరగా తమ్ముడి సంగతి. అడవిలోకి వెళ్ళి కోసుకొస్తానన్నాడు. వద్దన్నాను. అదే జాతిలో దాదాపు అలాగే కనిపించే మొక్కలు ఇంకా ఉన్నాయి, కొత్తవాళ్ళకు తేడా తెలీదు. రక్షిత అడవుల్లో కోయడం కూడా తప్పు. ఏప్రిల్, మే నెలల్లో వారపు సంతలో కట్టలు అమ్ముతారు, కొనుక్కో అన్నాను. కొన్నాడు. రూమ్మేట్ కూడా మొదటిసారి అసలు ఆకుని చేత్తో పట్టుకున్నాడంట. రాత్రి కిటికీ దగ్గర వేలాడదీసి పడుకున్నారు. పొద్దున్న మళ్ళీ వాయిస్ మెసేజ్. ఆవలింతలు తీస్తూ మాట్లాడుతున్నాడు.

"అన్నా, రూమంతా మా తాతగారి పశువుల కొట్టం వాసన. వీడేమో వనిల్లా అంటున్నాడు."

వైన్ ఎలా కుదిరిందో ఇంకా చెప్పలేదు. చెప్తే కింద కామెంట్‌లో పెడతాను. వచ్చే వారం కలుద్దాం, ఉంటాను.